బొమ్మల పుస్తకాన్ని ఏ త్రాసుతో తూచాలి?



కొన్ని వారాల క్రితం ఒక ఆదివారం దివ్యబలిపూజ ముగిసి అందరూ గుడి ఆవరణలో పలకరించుకుంటుండగా ఒక తల్లి నా దగ్గరకు వచ్చింది. ఆమె చేతిలో పాత దినపత్రికలో చుట్టిన పొట్లం ఉంది. "మాస్టారూ, మీరు బడిలో డ్రాయింగు చెప్పినవారు. ఇది మంచి పుస్తకమో చెడ్డ పుస్తకమో మీరే చూసి చెప్పండి" అంది. పొట్లం విప్పితే నిలువునా రెండుగా చిరిగిన బొమ్మల పుస్తకం. పాలిటెక్నిక్ చదువుతున్న కొడుకు పండుగకు వచ్చిన డబ్బులు దాచి తెప్పించుకున్నాడట. తండ్రి ఒక రాత్రి దాన్ని తెరిచాడు. ఒళ్ళు కాలి చర్మం వేలాడుతున్న మనుషుల బొమ్మలు కనబడ్డాయి. "ఇంట్లో ప్రార్థన చేసుకునే చోట ఈ దయ్యాల పుస్తకమా!" అని చింపేశాడు. అప్పటికి తొమ్మిది రోజులయింది, కొడుకు తండ్రితో మాట్లాడటం లేదు.

ఆ పుస్తకం పేరు 'బేర్‌ఫుట్ గెన్', అంటే 'చెప్పులు లేని గెన్'. రాసి బొమ్మలు గీసినవాడు కేజీ నకజావా. 1945 ఆగస్టు 6న హిరోషిమా మీద అణుబాంబు పడినప్పుడు అతడు 6 ఏళ్ళ పిల్లవాడు. బడి గోడ అడ్డుపడి బతికాడు. తండ్రి, అక్క, తమ్ముడు ఆ రోజే చనిపోయారు. తండ్రి భయపడిన దయ్యాలు ఆ పిల్లవాడు కళ్ళారా చూసిన ఇరుగుపొరుగువారు.

ఆ తండ్రిని తప్పు పట్టడానికి ఇది రాయడం లేదు. బిడ్డ ఏం చదువుతున్నాడో చూడటం తండ్రి బాధ్యత. అయితే చూసేటప్పుడు మన చేతిలో ఏ త్రాసు ఉంది? ఈనాడు మన పిల్లలు టీవీలోనూ మొబైల్‌లోనూ జపాను బొమ్మల కథలు విరివిగా చూస్తున్నారు, చదువుతున్నారు. వాటిని 'మాంగా' అంటారు. మనకు తెలియనిదాన్ని గుడ్డిగా వదిలేయనూ కూడదు, గుడ్డిగా చింపనూ కూడదు. కాబట్టి ఈ వారం పాఠంలో మాంగాను తూచడానికి మూడు తూనికరాళ్ళు చూద్దాం. అవి గీత, అచ్చు, నీతి.

1. ముందుగా కొంత చరిత్ర

మాంగా చాలావరకు మొదట విడి పుస్తకంగా రాదు. పదిమంది, ఇరవైమంది రచయితల ధారావాహికలను ఒకచోట కుట్టిన లావుపాటి పత్రికలో వస్తుంది. పాఠకులు మెచ్చిన కథ తర్వాత చిన్న సైజు పుస్తకంగా వెలువడుతుంది. ఇలాంటి పత్రికల్లో అన్నిటికంటే పెద్దదైన 'షోనెన్ జంప్' వారపత్రిక 1995 ఆరంభంలో ఒక సంచికకు 65 లక్షలకు పైగా ప్రతులు అచ్చువేసింది. అంత పెద్ద సంతలో సంపాదకులు పాఠకుల ఓట్లు లెక్కపెట్టి, ఆదరణ తగ్గిన కథను ఆపేస్తారు.

ఆ సంతకు దూరంగా చిన్న పత్రికలు కూడా పుట్టాయి. వాటిలో పేరుపొందినది 'గారో' మాసపత్రిక. 1964 సెప్టెంబరు సంచికతో మొదలయింది. స్థాపించినవాడు కత్సుఇచి నాగాయ్. క్షయరోగంతో పోరాడిన మనిషి. అంతకుముందు అద్దె పుస్తకాల దుకాణాలకోసం బొమ్మల కథలు ప్రచురించేవాడు. మన ఊళ్ళలో ఒకప్పుడు నవలలు రోజుకు ఇంతని అద్దెకిచ్చిన దుకాణాలు గుర్తున్నాయి కదా, జపానులో యుద్ధం తర్వాత అలాంటివే వేలకొద్దీ ఉండేవి. టీవీ, వారపత్రికలు వచ్చాక అవి మూతపడ్డాయి. అక్కడ పనిచేసిన చిత్రకారులు వీధిన పడ్డారు. వారిలో కొందరికి 'గారో' ఆశ్రయమయింది.

నాగాయ్‌కి తోడుగా నిలిచినవాడు సంపేయ్ షిరాతో. 'గారో' అన్నది అతడు సృష్టించిన ఒక నింజా పాత్ర పేరే. షిరాతో రాసిన 'కముయి-దెన్' అనే పెద్ద కథ 1964 చివరినుంచి 1971 వరకు ఈ పత్రికలో సాగింది. పూర్వకాలపు జపానులో అంటరానివారిగా ఊరవతల ఉంచబడిన కుటుంబంలో పుట్టిన కముయి అనే కుర్రవాడు, ఒక బీద రైతు బిడ్డ, ఒక సమురాయి కొడుకు అందులో ముఖ్యపాత్రలు. వెలివాడ అంటే ఏమిటో తెలిసిన మన నేలమీద ఆ కథను వేరే వివరించి చెప్పనక్కరలేదు. ఆ రోజుల్లో జపాను విశ్వవిద్యాలయ విద్యార్థులు దాన్ని ఆసక్తిగా చదివారు. పత్రిక ఉచ్ఛస్థితిలో సుమారు 80,000 ప్రతులు అమ్ముడుపోయేదని చెబుతారు. పెద్ద పత్రికల పక్కన పెడితే అది సముద్రం ముందు చెరువు.

2. మొదటి తూనికరాయి: గీత

చిన్న పత్రికల బొమ్మలు చూసి చాలామంది అనే మొదటి మాట, "ఇవేం బొమ్మలండీ, మా పిల్లలు ఇంతకంటే బాగా వేస్తారు!" బాపు గీతకు అలవాటుపడిన కన్ను మనది. ఒక్క వంపులో ఆడపిల్ల నడకనూ సిగ్గునూ పట్టిచ్చే గీత చూసినవారికి, తడబడినట్టుండే గీత లోపంగానే కనబడుతుంది.

డ్రాయింగు మాస్టారుగా నేనూ ఏళ్ళతరబడి అలాగే మార్కులు వేశాను. ముక్కు తిన్నగా ఉందా, చేతికి వేళ్ళు సమంగా ఉన్నాయా అని చూశాను. అది నేర్చుకునేవాడికి పెట్టే పరీక్ష. కథ చెప్పేవాడికి పెట్టవలసిన పరీక్ష వేరు. ఈ గీత ఈ కథను మోస్తున్నదా అన్నదే ఆ పరీక్ష.

మూడు ఉదాహరణలు చూడండి. షిగెరు మిజుకి యుద్ధానికి సిపాయిగా వెళ్ళి ఎడమచెయ్యి పోగొట్టుకున్నాడు. మిగిలిన కుడిచేత్తో జీవితమంతా బొమ్మలు గీశాడు. 'గారో' తొలి రోజులనుంచి అందులో రాశాడు. అతని పుటలో చెట్టూ చేమా, పాత ఇళ్ళూ వెంట్రుకంత వివరంగా ఉంటాయి. ఆ వెనకాల దృశ్యం ముందు నిలబడ్డ మనిషి మాత్రం నాలుగు గీతల హాస్యపు బొమ్మ. ఎందుకిలా? ఈ లోకం ఎంత పెద్దది, మనిషి ఎంత అల్పుడు అన్నది మాట లేకుండానే మనకు తెలుస్తుంది.

యోషిహారు త్సుగే 1968లో ఇదే పత్రికలో 'నెజి-షికి' అనే చిన్న కథ రాశాడు. ఒక కుర్రవాడు సముద్రంలోంచి వస్తాడు. చేతి నరం తెగింది. వైద్యుడికోసం ఊరంతా తిరుగుతాడు, ఎవరూ సరైన దారి చెప్పరు. అంతే కథ. కలలో నడిచినట్టుంటుంది. దానికి అర్థమేమిటని జపానులో దశాబ్దాల తరబడి వాదించుకున్నారు. జ్వరంతో ఆసుపత్రి వరండాల్లో తిరిగిన ఎవరికైనా ఆ కథ కొంత తెలిసినట్టే ఉంటుంది.

మూడవది మన కుటుంబాలకు దగ్గరది. మురసాకి యమాదా అనే రచయిత్రి 1981 నుంచి 1984 వరకు 'గారో'లో ఒక గృహిణి కథ రాసింది. ఇద్దరు ఆడపిల్లలు, ఇంటిని పట్టించుకోని భర్త, రోజూ అదే వంట, అదే ఉతుకు. గీతలు సన్నగా, పొదుపుగా ఉంటాయి. పుటలో చాలాచోట తెల్లగా ఖాళీ వదిలేసింది. కొన్నిచోట్ల ముఖంలో కళ్ళూ ముక్కూ కూడా ఉండవు. అది చేతకానితనమా? ఇంట్లో అందరికీ అన్నం పెడుతూ ఎవరికీ కనబడని స్త్రీని ఇంకెలా గీయాలి? ఈ కథ 2022లో ఆంగ్లంలో కూడా పుస్తకంగా వచ్చింది.

'గారో' చిత్రకారుల్లో ఇంకొందరు కావాలనే వచ్చీరాని గీతతో గీశారు. దాన్ని జపానులో 'హెతా-ఉమా' అన్నారు, అంటే 'చేతకానట్టుంటుంది గాని బాగుంది' అన్నట్టు. ఇక్కడ జాగ్రత్త అవసరం. ముందు నేర్చి తర్వాత వదిలేసినవాడి సరళత వేరు, అసలు నేర్వని వాడి సోమరితనం వేరు. రెండూ పైకి ఒకేలా ఉంటాయి. చిన్న పత్రికల్లో రెండూ దొరుకుతాయని ఒప్పుకోవాలి. వాటిని విడదీయడానికి ఒక తేలిక పద్ధతి చెబుతాను. పుస్తకం మూసి, మర్నాడు ఆ కథలోని ఒక ముఖం గుర్తుకు తెచ్చుకోండి. గుర్తొస్తే గీత తన పని చేసినట్టే.

3. రెండవ తూనికరాయి: అచ్చు

మన విచారణ జూబిలీ సావనీరు అచ్చువేయించిన రోజులు కొందరికి గుర్తుండే ఉంటాయి. ప్రెస్సు చుట్టూ తిరిగిన కమిటీలో నేనూ ఉన్నాను. గుడి కట్టించిన గురువుల ఫొటో నల్లటి మరకలా పడింది. పక్కనే నేను సిరాతో గీసిన గుడి బొమ్మ మాత్రం స్పష్టంగా వచ్చింది. కాగితం అదే, యంత్రం అదే. తేడా ఎక్కడుందంటే, ఫొటోలో నలుపుకీ తెలుపుకీ మధ్య బూడిద ఛాయలు ఉంటాయి. గీతబొమ్మలో నలుపూ తెలుపూ రెండే ఉంటాయి. నాసి కాగితం ఆ రెంటిని మోయగలదు, మధ్య ఛాయలను మోయలేదు.

మాంగా అంతా ఈ రహస్యం మీద నిలబడింది. పత్రిక చవకగా అమ్మాలి, చదివి పారేసేదిగా ఉండాలి. కాబట్టి గరుకైన, తిరిగి తయారుచేసిన కాగితం వాడతారు. ఒక్కొక్కప్పుడు ఆ కాగితానికి లేత గులాబీ, లేత ఆకుపచ్చ వంటి రంగులు కూడా ఉంటాయి. అచ్చు చాలావరకు ఒకే సిరాతో. అందుకే చిత్రకారుడు బూడిద రంగు కావాలంటే సన్నని గీతలు దగ్గర దగ్గరగా గీస్తాడు, లేదా చుక్కలు అచ్చయిన పలుచని జిగురు పొరను కత్తిరించి బొమ్మమీద అతికిస్తాడు. ఇప్పుడు చాలామంది ఆ పని కంప్యూటరు మీద చేస్తున్నారు.

ఇంకొక చిక్కు ఉంది. పత్రికకు గీసే బొమ్మ లోపలి చట్రం సాధారణంగా 27 సెంటీమీటర్ల ఎత్తు, 18 సెంటీమీటర్ల వెడల్పు. పత్రికలో అది ఐదింట నాలుగు వంతులకు కాస్త పైగా కుదించబడుతుంది. విడి పుస్తకంలో ఇంకా చిన్నదవుతుంది. కుదించినప్పుడు అతి సన్నని గీత మధ్యలో తెగిపోతుంది. చుక్కలు ఒకదానిమీదొకటి ఎక్కి నీటి అలల్లాంటి చారలు పడతాయి. మంచి చిత్రకారుడు గీసేటప్పుడే ఆ చిన్న పుటను మనసులో చూస్తాడు. మంచి ప్రచురణకర్త ప్రూఫు చూసి తెగిన గీతకోసం ప్రెస్సుతో తగవులాడతాడు. డబ్బులేని చిన్న పత్రికకు ఈ శ్రద్ధే ఆస్తి.

నాసి కాగితానికి ఆయుష్షు తక్కువ. చెక్కగుజ్జుతో చేసిన కాగితంలోని పదార్థం వెలుతురూ గాలీ తగిలి పసుపెక్కుతుంది, పెళుసవుతుంది. అద్దె పుస్తకాల కాలంలో అసలు బొమ్మలు దాచిపెట్టే అలవాటు తక్కువ. అసలు పోతే, అచ్చయిన పాత పుటను తిరిగి ఫొటో తీయడం తప్ప దారి లేదు. అప్పుడు సన్నని గీతలు ముద్దకడతాయి. నాసి అచ్చు చూసి "చిత్రకారుడికి రాదు" అనుకోవడం, రేడియో గరగరలాడితే పాటగాడి గొంతు బాగులేదన్నట్టు ఉంటుంది.

మన పిల్లల సంగతికి వద్దాం. వారిలో చాలామంది మాంగాను మొబైల్‌లో, ఎవరో అనుమతి లేకుండా స్కాను చేసి పెట్టిన పుటల్లో చదువుతున్నారు. అక్కడ గీత మసకబారుతుంది, చుక్కలు చారలవుతాయి. అంతకన్నా పెద్ద లోపం, గీసినవాడికి ఒక్క పైసా చేరదు. అచ్చు విషయం ఇక్కడే నీతి విషయమవుతుంది.

4. మూడవ తూనికరాయి: నీతి

దీనిలో మూడు ప్రశ్నలున్నాయి.

మొదటిది, గీసినవాడికి కూలి దక్కిందా? ఇక్కడ 'గారో'ను కూడా పొగిడి వదిలేయలేం. 'కముయి-దెన్' ముగిశాక అమ్మకాలు పడిపోయాయి. 1970లనుంచి ఆ పత్రిక చిత్రకారులకు పారితోషికం ఇవ్వలేకపోయింది. అయినా కొత్తవారు రాశారు, ఎందుకంటే ఇంకెవరూ అచ్చువేయని కథను నాగాయ్ కత్తిరించకుండా వేసేవాడు. "స్వేచ్ఛ ఇచ్చాడు" అని కృతజ్ఞత చెప్పేవారున్నారు. కాని పనివానికి కూలి న్యాయమని సువార్త విన్నవారం మనం. ఉచితంగా గీయగలిగేది వేరే ఆధారమున్నవాడే. పేదవాడికి ఆ స్వేచ్ఛ దక్కదు. 1990లో పత్రిక ఒక కంప్యూటరు సాఫ్ట్‌వేరు సంస్థ చేతికి వెళ్ళింది. 1996లో నాగాయ్ మరణించాడు. 1997లో సంపాదకవర్గంలోనివారు విడిపోయి వేరే ప్రచురణ సంస్థ పెట్టుకుని, 1998 ఫిబ్రవరిలో 'ఆక్స్' అనే పత్రిక మొదలుపెట్టారు. ఆ పేరుకు గొడ్డలి అని అర్థం. 'గారో' 2002లో ఆగిపోయింది. 'ఆక్స్'లోని కథల ఎంపిక ఒకటి 2010లో ఆంగ్లంలో లావుపాటి సంపుటంగా వచ్చింది. ఆశయం పాతదే, డబ్బు ఇబ్బందీ పాతదే.

రెండవది, ఎవరు చదవవచ్చు? జపానులో ఈ వాదన చాలా పాతది. 1955 ప్రాంతంలో తల్లుల సంఘాలు, ఉపాధ్యాయులు చెడ్డ పుస్తకాలను తరిమేయాలని పెద్ద ఉద్యమం చేశారు. కొన్నిచోట్ల బొమ్మల పుస్తకాలు కుప్పపోసి తగలబెట్టారు. తర్వాతి కాలంలో జాతి గర్వించిన ఒసాము తెజుకా కూడా ఆనాడు నిందలు పడ్డవాడే. మంట మంచిచెడ్డలు చదవదు కదా!

అయితే ఆ తల్లుల భయం వట్టి భ్రమ అనలేం. బూతు పుస్తకాలు అమ్మే వ్యాపారం నిజంగా ఉంది. జపాను శిక్షాస్మృతి 175వ సెక్షను అశ్లీల ప్రచురణను నేరమంటుంది. రాష్ట్రాల స్థాయిలో ఉన్న నిబంధనల ప్రకారం, హానికరమని ప్రకటించిన పుస్తకాన్ని 18 ఏళ్ళు నిండనివారికి అమ్మకూడదు. 1991లో ప్రచురణకర్తలే పెద్దల పుస్తకాలపై గుర్తు వేయడం మొదలుపెట్టారు. 2010 డిసెంబరులో తోక్యో నగర ప్రభుత్వం తన నిబంధనను ఇంకా బిగించింది. దానికి నిరసనగా 10 పెద్ద ప్రచురణ సంస్థలు మర్నాటి ఏడాది జరగవలసిన ప్రదర్శనను బహిష్కరిస్తామన్నాయి. "పిల్లల్ని కాపాడాలి" అన్నది ఒక వాదన. "హద్దు గీసేది ఎవరు, రేపు ఆ గీత ఎక్కడికి జరుగుతుంది" అన్నది రెండవ వాదన. రెండింటిలోనూ నిజముంది.

'బేర్‌ఫుట్ గెన్' కథే చూడండి. 1973లో అది పెద్ద వారపత్రికలో మొదలయింది. ఏడాదికి పైగా సాగి ఆగిపోయింది. ఆ తర్వాత వ్యాపార పత్రికలు కాని చిన్న పత్రికలు, అందులో ఒకటి ఉపాధ్యాయ సంఘానిది, దాన్ని 1987 వరకు నడిపించాయి. చిన్న పత్రికలు లేకపోతే ఆ కథ సగంలోనే ఉండిపోయేది. 2012 డిసెంబరులో మత్సుయే నగర విద్యాశాఖ, చివరి సంపుటాల్లో జపాను సైనికుల క్రూరత్వాన్ని చూపే పుటలున్నాయని, దీన్ని బడి గ్రంథాలయాల్లో లోపలి గదిలో ఉంచి, అడిగినా సులభంగా ఇవ్వకుండా చేయమని బడులకు చెప్పింది. దేశమంతా వాదన లేచింది. 2013 ఆగస్టులో ఆ ఆదేశాన్ని వెనక్కు తీసుకున్నారు.

మూడవది అన్నిటికంటే ముఖ్యమైనది. బాధపడే మనిషిని ఈ పుట మనిషిగా చూస్తున్నదా? 'గారో'లో గానీ, దాని తర్వాతి పత్రికల్లో గానీ గొప్ప కథల పక్కనే, హింసనూ కామాన్నీ కలిపి స్త్రీ శరీరాన్ని వస్తువుగా చేసిన కథలు కూడా అచ్చయ్యాయి. "బొమ్మే కదా, ఎవరికీ దెబ్బ తగల్లేదు కదా" అంటారు. బొమ్మలో ఉన్నవారికి దెబ్బ తగలదు, నిజమే. కాని బొమ్మ చూసేవాడి కన్నును తయారుచేస్తుంది. పదేపదే స్త్రీని వస్తువుగా చూసిన కన్ను, వీధిలో చెల్లెల్ని ఎలా చూస్తుంది? కళ అనే పేరు ఆ ప్రశ్నను కొట్టిపారేయలేదు.

దీనితో పోలిస్తే నకజావా గీసిన కాలిన శరీరం చూడండి. ఆ శరీరానికి పేరుంది, తల్లి ఉంది, దాహముంది. ఆ పుట చూసి మనకు ఆనందం కలగదు, ఎవరికైనా నీళ్ళివ్వాలనిపిస్తుంది. భయంకరమైన బొమ్మలు రెండు పుస్తకాల్లోనూ ఉన్నాయి. ఒకటి గాయాన్ని అమ్ముకుంటుంది, ఇంకొకటి గాయానికి సాక్ష్యం చెబుతుంది. తల్లిదండ్రులు పట్టుకోవలసిన తేడా ఇదే. రక్తం ఎంత ఉందని కొలిస్తే ఈ తేడా దొరకదు.

5. మరి ఇంట్లో ఏం చేయాలి?

మన శ్రీసభ కూడా నాలుగు శతాబ్దాలపాటు నిషేధ గ్రంథాల పట్టిక ఉంచింది. 1559లో రోమునుంచి వెలువడిన ఆ పట్టిక 1966లో చట్టంగా చెల్లుబాటు కోల్పోయింది. బాధ్యత మాత్రం తీసేయలేదు. దాన్ని పట్టికనుంచి మన అంతరాత్మకు అప్పగించింది. పట్టిక చూడటం సులువు. అంతరాత్మకు చదువు చెప్పుకోవడం కష్టం. ఆ కష్టానికి ఉపయోగపడే నాలుగు మాటలు:

ఒకటి. పుస్తకాన్ని ఒక పుటతో తీర్పు తీర్చకండి. కనీసం ఒక అధ్యాయం మొదటినుంచి చివరిదాకా చదవండి. చాలా మాంగాలు కుడినుంచి ఎడమకు చదవాలి. ఎలాగో పిల్లల్నే అడగండి. మీకు నేర్పే అవకాశం దొరికితే వారు సంతోషిస్తారు.

రెండు. వయసు చూడండి. పదేళ్ళవాడికి విషమైనది పద్దెనిమిదేళ్ళవాడికి మందు కావచ్చు. పెద్దల గుర్తున్న పుస్తకం పిల్లల చేతిలో ఉంటే, మొహమాటం లేకుండా తీసేయండి. ఎందుకు తీశారో కూడా చెప్పండి.

మూడు. దొంగ స్కానుల బదులు నెలకో రెండు నెలలకో ఒక పుస్తకం కొనివ్వండి. గీసినవాడికి కూలి అందుతుంది, బిడ్డకు ఎంచుకోవడం వస్తుంది.

నాలుగు. వద్దన్నప్పుడు మాటతో వద్దనండి. చింపిన పుస్తకంతోపాటు ఇంకేదో కూడా చిరుగుతుంది.

ఇక మొదట చెప్పిన ఇంటి సంగతి. ఆ తల్లికి రెండు ముక్కలూ తిరిగి ఇచ్చి, "ఆయన్ని ఒక్కసారి మొదటినుంచి చదవమనమ్మా" అన్నాను. నకజావా తల్లి 1966లో చనిపోయినప్పుడు, దహనం తర్వాత చూస్తే బాంబు వికిరణంవల్ల ఎముకలు కూడా మిగల్లేదని, ఆ దుఃఖంతోనే తాను ఈ కథలు గీయడం మొదలుపెట్టానని అతడు చెప్పుకున్నాడు. ఆ సంగతి కూడా ఆమెకు చెప్పి పంపాను.

రెండు వారాల తర్వాత తండ్రే వచ్చాడు. చేతిలో పుస్తకం. నడుమన పొడుగునా గమ్ము టేపు అతికించి ఉంది. టేపు కింద కొన్ని బొమ్మలు కాస్త పక్కకు జరిగాయి. "బొమ్మలు బాగాలేవు మాస్టారూ, ముఖాలన్నీ ఒకేలా ఉన్నాయి" అన్నాడు మొదట. నిజమే, నకజావా గీత మొరటుది. కాసేపు ఆగి అన్నాడు: "ఇల్లు కూలి దానికింద ఇరుక్కున్న తండ్రి, మంట దగ్గరకొస్తుంటే, నన్నొదిలేసి అమ్మను తీసుకుపొమ్మని కొడుకుతో చెబుతాడండీ. ఆ పుటలో టేపు సరిగా అంటలేదు."

కథ మొదట్లోనే ఆ తండ్రి కొడుకులకు గోధుమ మొక్కను చూపిస్తాడు. చలిలో మొలకెత్తి, కాళ్ళకింద తొక్కుడుపడి, వేళ్ళు బలంగా దించి నిలబడే ఆ మొక్కలా ఉండమంటాడు. మన ఇంటికొచ్చిన తండ్రి ఆ పుట తెరిచి చూపించి, "ఇది మావాడు ముందే చదివాడు, నేనే చదవలేదు" అన్నాడు. కొడుకుతో మాటలు కలిశాయా అని అడిగాను. "రెండో భాగం తెప్పించమన్నాడు. ఎంతవుతుందని అడిగాను. అంతవరకు వచ్చాం" అన్నాడు.

కుటుంబ చర్చకు ప్రశ్నలు

1. మీ ఇంట్లో పిల్లలు ఈ నెలలో చదివిన లేదా చూసిన ఒక బొమ్మల కథ పేరు మీకు తెలుసా? అందులో మీ బిడ్డకు నచ్చిన ముఖం ఎవరిది?

2. ఆ కథలో దెబ్బతిన్న మనిషి ఎవరు? అతడిని మనిషిగా చూపారా, వేడుకగా చూపారా?

3. ఆ కథ గీసినవారికి మీరు చదివినందుకు ఏమైనా చేరిందా?

4. పిల్లలకు: అమ్మానాన్నలకు ఒక అధ్యాయం చదివి వినిపించాలంటే ఏది ఎంచుకుంటారు? ఏది వినిపించడానికి సిగ్గుపడతారు? ఆ సిగ్గుకు కారణం ఏమిటో ఆలోచించారా?